మర్యాదకు శోకం

చర్చి సంఘం పెద్ద యెషయా పెన్ను మూత తీసి కాగితం మీద పెట్టాడు. రెండింటినీ కలిపి ప్రేమకుమారి ముందుకు జరిపాడు.

"రాయి టీచరమ్మా. రెండే మాటలు. 'ఆళ్లగడ్డలో నేను చేసింది తప్పు. సంఘం నన్ను క్షమించల్ల.' అంతే. పాప రేపు లేసి సదువుతాది, కూర్చుంటాది. మీరు ముగ్గురూ బల్ల కాడికి వస్తారు. కత అయిపోతాది."

"పాప చేతనే రాయించొచ్చు గదన్నా" అంది ప్రేమకుమారి.

"పాప రాస్తే ఏం రాస్తాదో నాకేం తెలుసు?"

వంటింటి గడప మీద కూర్చున్న బ్లెస్సీ తలెత్తింది. "ఆ మాత్రం భయం ఉండల్ల."

"నువ్వు గమ్మునుండు" అన్నాడు జోసెఫ్. వారం రోజుల్లో కూతురితో అతను మాట్లాడిన మొదటి మాట అది.

శనివారం పొద్దున తొమ్మిదైంది. రేపు నెలలో మొదటి ఆదివారం. ప్రభువు బల్ల దగ్గర రొట్టె, ద్రాక్షరసం తీసుకునే రోజు. సంఘం తప్పుపట్టిన మనిషి ఆ రోజు వెనక బెంచీలో కూర్చోవాలి. ఆ మనిషిని ఇంట్లో పెట్టుకుని వెనకేసుకొచ్చిన వాళ్ళూ అక్కడే కూర్చోవాలి. నంద్యాల సంఘంలో ప్రేమకుమారి పాటల బృందానికి పెద్ద. ఇరవై రెండేళ్లలో ఒక్కసారి కూడా బల్ల తప్పలేదు. బ్లెస్సీ పుట్టిన నెలలో కూడా పిల్లను అత్త చేతిలో పెట్టి వెళ్ళింది.

సంఘంలో ఏ కాగితమైనా ఆమె చేత్తోనే రాయాలి. బాప్తిస్మం పేర్లు, కోత పండగ పిలుపులు, పోయినవాళ్ళ కూడిక కబుర్లు, అన్నీ. గడివేముల బడిలో ముప్పై ఏళ్లుగా పలకల మీద అక్షరాలు దిద్దించిన చెయ్యి అది. అందుకే యెషయా పెన్ను ఆమెకు ఇవ్వడంలో వింత లేదు.

వింత ఇంకొకటుంది. ఆళ్లగడ్డ స్టేజీ మీద ఆడపిల్లలు పాడిన మాటలు రాసింది కూడా ఆ చెయ్యే. ఆ సంగతి బ్లెస్సీకి తెలుసు. పాడిన లక్ష్మీప్రసన్నకు తెలుసు. జోసెఫ్‌కు తెలియదు. ఇప్పుడు తన మాటలకు తన కూతురు చదివే క్షమాపణను తనే రాసి ఇవ్వాలి.

"రాయి ప్రేమా" అన్నాడు జోసెఫ్. "నాకు గోడౌన్‌కి టయమైతాంది."

"రాయద్దుమ్మా" అంది బ్లెస్సీ.

"రాస్తాది. ఈ ఇంట్లో ఉండల్లంటే నువ్వు సదువుతావు. లేకుంటే సంచి సర్దుకో."

"సర్దుకోనీకి ఏముంది నాయనా? తప్పెట మా భానుప్రియ ఇంట్లోనే ఉంది. లుంగీ ఒకటే గదా మిగిలింది."

జోసెఫ్ కుర్చీలోంచి లేచాడు. యెషయా చెయ్యి అడ్డం పెట్టాడు.

"లుంగీ అంట" అన్నాడు జోసెఫ్. అతని గొంతు పెరగలేదు. పెరగకపోవడమే ప్రేమకుమారిని భయపెట్టింది. "నిన్న గోడౌన్లో నేను లోపలికి పోతాంటే ఓనరు తమ్ముడు కాటా మీద వేళ్ళతో దరువేసినాడు. హమాలీలు నవ్వినారు. ఇరవై ఆరేండ్లు జోసెఫ్ సార్ అని పిలిచిన నోళ్ళు. 'ఏం సార్, ఎవురు పోయినారు?' అని అడిగినాడు ఒకడు. ఏం చెప్పల్ల నేను?"

"నీ మర్యాద పోయిందని చెప్పాల్సింది."

"బ్లెస్సీ!" అంది ప్రేమకుమారి.

"చెప్పనీలే" అన్నాడు జోసెఫ్. "ఆమెకేం తెలుసు? మా నాయన పాములపాడులో సావిండ్ల ముందర రాత్రంతా తప్పెట కొట్టి, పొద్దున వాళ్ళు పెట్టిన బువ్వ తువ్వాల్లో మూటగట్టుకొని వచ్చేటోడు. అది తిని నేను ఇస్కూలుకు పోయినా. 'సావుబువ్వ' అని పిలిచినారు నన్ను. పేరు కాదు, సావుబువ్వ. అటెండెన్సు పిలిచేటప్పుడు కూడా ఎనకనుంచి అదే. దాంట్లో నుంచి ఈడికి రానీకి నాకు నలభై ఏండ్లు పట్టింది. నువ్వు పది నిమిషాల్లో నన్ను తీసకపోయి మళ్ళ ఆడనే నిలబెట్టినావు."

బ్లెస్సీ తండ్రి వైపు తిరిగి కూర్చుంది.

"నిన్ను అట్ల పిలిచినోళ్ళు ఉన్నారు గదా" అంది బ్లెస్సీ. "వాళ్ళు బజార్లో కనిపిస్తే నమస్తే అన్నా అంటావ్. కోపమంతా తప్పెట మీద పెట్టుకున్యావ్. అది నిన్నేం చేసింది నాయనా? మీ ఇంటికి బువ్వ తెచ్చింది."

జోసెఫ్ మళ్ళీ కుర్చీలో కూర్చున్నాడు.

ప్రేమకుమారికి ఆ క్షణంలో ఇద్దరి మీదా కోపం వచ్చింది. ఇద్దరు చెప్పిందీ నిజమే అయినందుకు ఇంకా కోపం వచ్చింది.

యెషయా గొంతు సవరించుకున్నాడు. పోస్టాఫీసులో పనిచేసి రిటైరైన మనిషి. ఏ మాటకైనా సాక్ష్యం చూపించడం అతనికి అలవాటు.

"అట్ల కాదమ్మా. పాప పాటలు పాడితే మేమెప్పుడన్నా వద్దన్నామా? క్రిస్మస్సుకు కీబోర్డు కొట్టింది, మెచ్చుకున్యాం. ఇది ఏరే. ఆళ్లగడ్డలో పొదుపు సంఘాల సభకి పిలిస్తే, రెండు దేశభక్తి పాటలు పాడమంటే, వీళ్ళు ఏం చేసినారు? చూడు, నేనే చూపిస్తా."

ఫోన్ తీశాడు. సౌండు పూర్తిగా పెంచాడు.

ప్రేమకుమారి చూడాల్సిన పని లేదు. ఆమెకు ప్రతి క్షణం తెలుసు. స్టేజీ మధ్యలో చాప. చాప మీద గడ్డితో చేసిన మనిషి. తెల్ల చొక్కా, పంచె, మెడలో బంతిపూల దండ. గుండెల మీద అట్టముక్క, దాని మీద 'మర్యాద' అన్న మాట. కీబోర్డు దగ్గర భానుప్రియ. తలకు తువ్వాలు చుట్టి, లుంగీ ఎగ్గట్టి, భుజానికి తప్పెట తగిలించుకున్న బ్లెస్సీ. పీనుగ తల దగ్గర కూర్చుని, జుట్టు విరబోసుకుని శోకం ఎత్తుకున్న లక్ష్మీప్రసన్న. ముగ్గురినీ కలిపి 'గయ్యాళి మేళం' అంటారు. ఆ పేరు తిట్టిన వాళ్ళు పెట్టింది. వాళ్ళు ఉంచుకున్నారు.

ఫోన్లో లక్ష్మీప్రసన్న గొంతు లేచింది.

"లెయ్యప్పా మర్యాదా, పొద్దెక్కె లెయ్యప్పా
నువ్వున్నన్నాళ్ళు నాకు నోరు లేకపాయె
నువ్వు పోయిన పొద్దు నాకు ఏడుపు రాకపాయె"

దాని కింద తప్పెట. ఆ వెనక కుర్చీలు పడిన చప్పుడు, ఈలలు, "మైకు కొయ్యండ్రా" అని ఎవరో అరవడం. మైకు కోశారు. మైకు లేకుండానే తప్పెట వినిపించింది.

"బతికున్న మగోళ్ళకి సావు దరువు కొడతారా?" అన్నాడు యెషయా. "శాపం పెట్టినట్ల కాదా అది? క్రైస్తవ పిల్ల చెయ్యాల్సిన పనేనా?"

వరండాలో మంచం కిర్రుమంది.

అందరూ అటు చూశారు. ఓబయ్య శనక్కాయలు ఒలవడం ఆపి లేచి కూర్చున్నాడు. జోసెఫ్ తండ్రి. ఎనభై నాలుగేళ్లు. ఎడమ చెవి పనిచేయదు. వారం రోజులుగా ఇంట్లో జరుగుతున్నదేమిటో అతనికి ఎవరూ చెప్పలేదు. బాప్తిస్మం తీసుకున్న రోజు తప్పెటను తమ్ముడికిచ్చి, మళ్ళీ ముట్టనని మాటిచ్చిన మనిషి. తన మనవరాలు పాములపాడుకు పోయి ఆ తప్పెటనే తెచ్చిందని తెలిస్తే ఏమవుతాడోనని భయం.

"ఎవురిది పెండ్లి?" అన్నాడు ఓబయ్య.

"పెండ్లేంది నాయనా? ఏం లేదు. నువ్వు పండుకో."

"తప్పెట ఇనపడతాంటే పెండ్లి లేదంటావేందిరా? ఇట్ల తే ఆ ఫోను."

యెషయా ఫోను తీసుకెళ్ళి కుడి చెవి దగ్గర పెట్టాడు. ఇంతకన్నా పెద్ద సాక్షి దొరకడని అనుకున్నట్టున్నాడు. ముసలాయన కళ్ళు మూసుకుని విన్నాడు. అయిపోయాక మళ్ళీ పెట్టమన్నాడు. వేళ్ళు మంచం పట్టె మీద కదిలాయి.

"ఎవురా కొట్టేది? చెయ్యి గట్టిదే. పుల్ల పట్టేది రాదు గాని."

"నేనే తాతా" అంది బ్లెస్సీ.

ఓబయ్య చాలాసేపు మనవరాలి చేతులవైపు చూశాడు.

"సావు దరువు కొట్టింది మామా" అంది ప్రేమకుమారి. దాచి లాభం లేదనిపించింది. "అందరి ముందర. స్టేజీ మీద. దానికే ఈ పంచాయితీ."

"సావు దరువా? ఇదా?" ఓబయ్య పళ్ళు లేని నోటితో నవ్వాడు. "ఇది మెరవణి దరువు. పెండ్లికొడుకుని గుర్రమెక్కించి ఊర్లో తిప్పేటప్పుడు కొట్టేది. ఎవురు నేర్పినారమ్మా నీకు?"

"నువ్వే. మంచం పట్టె మీద కొట్టుకుంటాంటావ్ గదా దినామూ. చిన్నప్పటి నుంచి ఇంటాండా. అదే సావు దరువనుకున్యా."

"పిచ్చిదానా. సావు దరువు ఊరికే ఎవురన్నా కొట్టుకుంటారా? మనసులో కూడా కొట్టుకోరు. నేను కొట్టుకునేది మెరవణిది."

"మళ్ళ సావుది నేర్పిస్తావా తాతా?"

"నేర్పను. దాన్ని పీనుగ ముందర నిలబడి నేర్చుకోవల్ల. పీనుగ లేకుండా నేర్చుకుంటే ఇట్లనే పెండ్లి చేసొస్తావ్."

జోసెఫ్ నవ్వాడు. వారం తర్వాత నవ్వాడు. నవ్వు ఆగక తువ్వాలు నోటికి అడ్డం పెట్టుకున్నాడు. యెషయా మొదట అతనివైపు, తర్వాత ఫోన్ వైపు చూసి, చేతులు పైకెత్తాడు.

"దేవునికి స్తోత్రం! అయితే తప్పే లేదు గదా. సావు దరువే కానప్పుడు శాపమేంది? టీచరమ్మా, రాయి. 'నేను కొట్టింది పెండ్లి దరువు. పెద్దలు పొరబడినారు. ఏదో నాటకం.' పాప క్షమాపణ కూడా చెప్పే పని లేదు. ఓబయ్యను తీసకరాండి, ఆయన సాక్ష్యం చెప్తాడు."

ప్రేమకుమారి గుండె మీది బరువు దిగింది. రేపు బల్లకు తెల్లచీర కట్టుకోవచ్చు. బృందం ముందు నిలబడవచ్చు. పెన్ను చేతిలోకి తీసుకుంది.

"రాయద్దు" అంది బ్లెస్సీ. గడప మీంచి లేచింది. "వారం నుంచి సావు కొట్టినదాన్నని తిట్టినారు. రోడ్డు మీద పోతే ఊసినారు. ఇప్పుడు నాకు కొట్టనీకి రాలేదని క్షమిస్తారా? నేను కొట్టల్లనుకున్యది సావు దరువే. రాక పెండ్లిది కొట్టినా. అట్ల రాసుకోండి."

"ఏయ్ పాపా, దోవ దొరికింది, పోనియ్యి" అన్నాడు యెషయా.

"నేను ఆ దోవన పోను పెద్దయ్యా."

"నీకోసం కాదు, మీ యమ్మ కోసం."

బ్లెస్సీ తల్లివైపు చూసింది. ఆ చూపులో 'నువ్వే చెప్పు' అన్న మాట ఉందని ప్రేమకుమారికి అర్థమైంది. ఆమె కాగితం వైపు తల దించుకుంది.

యెషయా వదల్లేదు. "దరువు సంగతి సరే. ఇంక మిగిలింది ఆ మాటలు. 'నోరు లేకపాయె, ఏడుపు రాకపాయె.' మొగుడు సచ్చిపోతే ఏడుపు రాలేదంటే ఎవురికి మండదు? పాస్టరుగారికి దానికే ఎక్కువ బాధ. అవి మన పాప మాటలు కాదు గదా? పాడింది ఆ అహోబిలం అమ్మాయి. రాసింది కూడా ఆమేనని ఒక్క ముక్క రాయి. వాళ్ళది మన సంఘం కాదు, అడిగేటోళ్ళు లేరు."

"అడిగేవాళ్ళు చాలామంది ఉన్నారండీ" అంది గుమ్మంలోంచి ఒక గొంతు.

లక్ష్మీప్రసన్న చెప్పులు విడిచి లోపలికి రాకుండా నిలబడింది. చేతిలో గుడ్డసంచి. అహోబిలం నుంచి బస్సులో వచ్చినట్టుంది, మొహం నిండా దుమ్ము.

"లోపలికి రామ్మా" అంది ప్రేమకుమారి.

"రావచ్చా ఆంటీ? నాకు మైల."

"మైలేంది?"

"మా ఇంట్లో శోకం పెట్టానంటే చావు జరిగినట్టేనట. పది రోజులు మైల అన్నారు మా నాన్న. వరండాలో ఆకు, వరండాలో చాప. ఆయన గుడికి పోవడం మానేసి లోపల కూర్చున్నారు. ఎవరు పోయారు నాన్నా అని అడిగితే చెప్పరు. ఈ రోజు ఎనిమిదో రోజు. నాకు విసుగొచ్చి వచ్చేశాను."

బ్లెస్సీ ముందుకెళ్ళి ఆమె సంచి తీసుకుంది. "ప్రసన్నా, ఒక మాట చెప్తా, కొట్టద్దు. నేను కొట్టింది సావు దరువు కాదంట. పెండ్లి మెరవణిదంట."

లక్ష్మీప్రసన్న ఒక్క క్షణం చూసింది. "అంటే నేను ఎనిమిది రోజులు పెళ్ళికి వరండాలో తిన్నానా?"

వరండాలో ఓబయ్య మళ్ళీ నవ్వాడు. జోసెఫ్ ఈసారి నవ్వలేదు.

"బాగా సమయానికొచ్చినావమ్మా" అన్నాడు యెషయా. "నువ్వే చెప్పు. ఆ మాటలు రాసిందెవురు?"

లక్ష్మీప్రసన్న ప్రేమకుమారి వైపు చూడలేదు. ఆమె చేతిలో పెన్ను వైపు చూసింది.

"నేనే రాశాను" అంది. "రాసుకోండి ఆంటీ. వరదరాజులు కూతురు లక్ష్మీప్రసన్న రాసిందని. నాకు ఎటూ మైలే. ఇంకో రెండు రోజులు ఎక్కువ."

"చూసినావా టీచరమ్మా! ఆయమ్మే చెప్తాంది. రాయి."

ప్రేమకుమారి పెన్ను కాగితం మీద ఆనించింది. 'సంఘ పెద్దలకు' అని రాసింది. ఆ తర్వాతి మాట ఆమెకు నోటికి వచ్చు. ఎన్ని కాగితాల మీద రాయలేదు! 'వందనములు.' చెయ్యి కదలలేదు.

ఇరవై మూడేళ్ల పిల్ల. వరండాలో ఆకు ముందు కూర్చున్న పిల్ల. తనది కాని తప్పు మోయడానికి అరవై కిలోమీటర్లు బస్సులో వచ్చినట్టుంది. యాభై మూడేళ్ల మనిషి ఆ తప్పు ఆమె నెత్తిన పెట్టి, తెల్లచీర కట్టుకుని, రొట్టె తీసుకోవడానికి చెయ్యి చాపాలి.

పెన్ను మూత పెట్టింది.

"ఆ మాటలు నావి" అంది.

"ఏందీ?" అన్నాడు యెషయా.

"నేను రాసినా. గడివేముల బడిలో, మధ్యాహ్నం బువ్వల టయానికి, పిల్లోళ్ళ నోటుబుక్కులో. పాపకు చూపిస్తే వద్దనింది. నేనే పాడమన్యా."

"టీచరమ్మా, పిల్లల్ని కాపాడల్లని నువ్వు..."

"కాపాడనీకి కాదన్నా. నావి. అంతే."

యెషయా జోసెఫ్‌ వైపు తిరిగాడు, సాయం అడుగుతున్నట్టు. జోసెఫ్ కదలకుండా కూర్చున్నాడు. అతను చూస్తున్నది భార్యను కాదు. యెషయా చేతిలో ఆగిపోయిన వీడియోను.

"ఎవురి మీద రాసినావు?" అన్నాడు జోసెఫ్.

"ఎవురి మీద అంటే ఏముందప్పా, పాట గదా..." అన్నాడు యెషయా.

"నువ్వు గమ్మునుండన్నా." లేచి వచ్చి ఫోన్ తీసుకున్నాడు. వేళ్ళతో బొమ్మను పెద్దది చేసి, ప్రేమకుమారి ముందు పెట్టాడు. "చూడు. ఆ చొక్కా జేబు మీద సిరా మరక. నీలం. రసీదు బుక్కు రాసేటప్పుడు పడింది. అది నా చొక్కా. వారం నుంచి గోడౌన్లో కూర్చొని దీన్నే చూస్తాండా. పాప దొంగతనంగా తీసకపోయిందనుకున్యా. పాపను అడగనీకి నోరు రాలే. నిన్ను అడిగితే ఇస్త్రీకి ఇచ్చినానన్యావ్."

ప్రేమకుమారి తల ఎత్తింది.

"పాప తీసకపోలే. నేనే ఇచ్చినా."

బ్లెస్సీ "అమ్మా" అంది. ప్రేమకుమారి చెయ్యెత్తి ఆపింది.

"సచ్చినోడు ఎవురు ప్రేమా?"

"రాసేటప్పుడు నిన్నే అనుకున్యా."

మంచం మీద ఓబయ్య చెవికి చెయ్యి అడ్డం పెట్టుకున్నాడు. యెషయా ఎటు చూడాలో తెలియక గోడ మీది వాక్యం క్యాలెండరు వైపు చూశాడు.

"పోయిన ఏడు" అంది ప్రేమకుమారి. "కర్నూల్లో టీచర్ల పాటల పోటీ. మండలం మొత్తానికి నన్నే ఏరినారు. రెండు నెలలు నేర్చుకున్యా. పోయే దినం పొద్దున నువ్వు హెడ్మాస్టరుకి ఫోన్ చేసి, 'ఆయమ్మకు గొంతు బాగలేదు, రాదు' అని చెప్పినావు. నాకు తెల్దు. నేను చీర కట్టుకొని, టిఫిన్ కట్టుకొని బస్టాండుకు పోయినా. ఆడ హెడ్మాస్టరు నన్ను చూసి, 'ఏం టీచర్, గొంతు ఎట్లుంది?' అన్యాడు. ఇంటికొచ్చి నిన్ను అడిగితే ఏమన్యావో గుర్తుందా? 'స్టేజీలెక్కి నా మర్యాద తియ్యద్దు' అన్యావ్. నా గొంతుకు ఏమీ కాలేదు. ఆ పొద్దు నుంచి నీ ముందర పాడలే. నీకు అది కూడా తెలీలే."

జోసెఫ్ పెదవులు కదిలాయి. ఏదో లెక్క చూసుకుంటున్నట్టు. ఆమె గొంతు ఇంట్లో వినిపించని రోజులను వెనక్కి వెతుకుతున్నట్టు.

"ఇరవై ఎనిమిదేండ్లలో అదొక్కటేనా?" అన్నాడు చివరికి.

ఆమె ముందున్న కాగితం వైపు చూసింది.

జోసెఫ్ కాగితం తిప్పాడు. 'సంఘ పెద్దలకు' అన్న మాట కిందికి పోయింది. తెల్లటి వైపు పైకి వచ్చింది. పెన్ను మూత తనే తీసి ఆమె చేతిలో పెట్టాడు.

"రాయి. చొక్కా సంగతి రాయి. ఫోన్ సంగతి రాయి. ఇంకా ఏముంటే అవన్నీ రాయి. పాప సదివేది లేదు. నువ్వు సదివేది లేదు. రేపు సంఘం ముందర నేను సదువుతా."

"జోసెఫూ!" యెషయా లేచి నిలబడ్డాడు. "ఇంటి గుట్టు సంఘంలోనా? పాస్టరుగారు ఒప్పుకుంటారా?"

"రాయి" అన్నాడు జోసెఫ్.

ప్రేమకుమారి అతని మొహంలోకి చూసింది. తన తప్పు తానే ఒప్పుకోవడానికి అడుగుతున్నాడా, భార్యను నూరు కుటుంబాల ముందు నిలబెట్టి కడగడానికి అడుగుతున్నాడా? ఆ మొహం ఏమీ చెప్పలేదు. కళ్ళు మాత్రం ఎర్రగా ఉన్నాయి. కోపానికీ అలాగే అవుతాయి, వేరేదానికీ అలాగే అవుతాయి.

"రాయద్దు ఆంటీ" అంది లక్ష్మీప్రసన్న మెల్లగా.

ప్రేమకుమారి కుర్చీ ముందుకు లాక్కుంది. కాగితం సరిచేసుకుంది.

"ఒక్క కాగితం చాలదు" అంది. "యా తారీకు నుంచి మొదలుపెట్టల్ల?"